థింగ్స్ టు కమ్ (1936): విమానాలు తెచ్చిన శాంతి ఎవరి శాంతి?

పాతతెర (చర్చ ప్రారంభం)

సభ్యులకు నమస్కారం. బ్రిటన్‌లో తొలినాళ్లలో వచ్చిన విజ్ఞాన కల్పన చిత్రాలలో ఏదో ఒకదాన్ని పట్టుకుని, అందులో నిజంగా ఏముందో తీరికగా మాట్లాడుకుందామని కొందరు కోరినందువల్ల ఈ చర్చ మొదలుపెడుతున్నాను. నేను ఎంచుకున్నది 1936 ఫిబ్రవరిలో లండన్‌లో విడుదలైన ‘థింగ్స్ టు కమ్’. దీనికి ముందు ఏమీ లేదని కాదు. 1906లో రాబర్ట్ పాల్ సంస్థ కోసం వాల్టర్ బూత్ తీసిన చిట్టి చిత్రంలో ఒక మోటారు కారు పోలీసును తప్పించుకుని ఆకాశానికెక్కి శనిగ్రహపు వలయం మీద షికారు చేస్తుంది. అదే బూత్ 1909లో ఆకాశనౌకలు ఇళ్ల మీద బాంబులు వేయడం చూపించాడు. 1929లో మారిస్ ఎల్వీ ‘హై ట్రెజన్’ తీశాడు. అయితే ఒక ఊరి నూరేళ్ల భవిష్యత్తును మొదటి నుంచి చివరి దాకా చూపిస్తానని బయలుదేరినది ఈ చిత్రమే.

చూడనివారి కోసం కథ క్లుప్తంగా చెబుతాను. ఎవ్రీటౌన్ అనే ఊరు. పేరులోనే అది ఏ ఊరైనా కావచ్చునన్న సూచన ఉంది. 1940 క్రిస్మస్ రోజున, ఒకపక్క పండుగ పాటలు వినిపిస్తూ ఉండగానే, యుద్ధం మొదలై ఊరి కూడలి మీద బాంబులు పడతాయి. ఆ యుద్ధం ఎందుకు మొదలైందో మరిచిపోయేంత కాలం సాగుతుంది. 1966 నాటికి మనుషులను నిద్రలో నడిచేవాళ్లలా తిప్పి చంపే ‘తిరుగుడు జబ్బు’ వ్యాపిస్తుంది. ఆ జబ్బు సోకినవాళ్లను కాల్చి చంపించి పెత్తనం సంపాదించిన ‘బాస్’ అనేవాడు 1970లో ఊరిని ఏలుతూ ఉంటాడు. అప్పుడు జాన్ కాబల్ అనే పాత ఇంజనీరు నల్లని విమానంలో దిగి, బస్రా కేంద్రంగా విమాన చోదకులు, యంత్ర నిపుణులు కలిసి ‘వింగ్స్ ఓవర్ ది వరల్డ్’ పేరుతో కొత్త పాలన స్థాపించారని చెబుతాడు. బాస్ అతన్ని బంధిస్తాడు. పెద్ద విమానాలు వచ్చి ‘శాంతి వాయువు’ వదిలి ఊరందరినీ నిద్రపుచ్చుతాయి. ఆ తరువాత యంత్రాలు ప్రపంచాన్ని తిరిగి కడతాయి. 2036లో భూమి లోపల కట్టిన తెల్లని నగరం నుంచి ఇద్దరు యువతీయువకులను ఫిరంగితో చంద్రుడి చుట్టూ పంపుతారు. వద్దని జనం తిరగబడినా పంపుతారు.

1933 నాటి తన పుస్తకం ఆధారంగా ఆంగ్ల రచయిత హెచ్. జి. వెల్స్ స్వయంగా కథనం రాశాడు. నిర్మాత అలెగ్జాండర్ కోర్డా. దర్శకుడు విలియం కామెరాన్ మెంజీస్ అమెరికా నుంచి వచ్చిన కళాదర్శకుడు. కాబల్‌గానూ, 2036లో అతని వంశంవాడైన ఆస్వాల్డ్‌గానూ రేమండ్ మాసీయే నటించాడు.

ఇప్పుడు నా ప్రశ్న. చిత్రం ఆ విమానాలవాళ్లను రక్షకులుగా చూపిస్తుంది. నేను మూడుసార్లు చూశాను. మూడోసారి చూసేసరికి వాళ్లను చూస్తే నాకు భయం వేసింది. ఈ భయం చిత్రంలోనే ఉన్నదా, లేక నేను వెంట తెచ్చుకున్నదా?

సోమరిపోతు

పాతతెర గారూ, మీకు భయం వేసింది, నాకు నిద్ర వచ్చింది. మొదటి అరగంట అద్భుతమని ఒప్పుకుంటాను. ఆ తరువాత ఒక్కొక్కరూ వేదిక ఎక్కి ఉపన్యాసం ఇచ్చినట్టే మాట్లాడతారు; తండ్రి కూతురితో మాట్లాడినా మునిసిపల్ సభలో తీర్మానం చదువుతున్నట్టే ఉంటుంది.

చిత్రం మొత్తంలో ఒంట్లో రక్తమున్న మనిషి ఒక్కడే, వాడు బాస్. రాల్ఫ్ రిచర్డ్‌సన్ వేసిన ఆ పాత్రను ముస్సోలినీని చూసి మలిచారని అంటారు. నాకు మాత్రం అచ్చం మన సీమ పాలెగాడిలా కనిపించాడు. భుజం మీద బొచ్చుతోలు, పక్కన రాజసం ఒలికించే రొక్సానా, ఎగరని విమానాలు, పెట్రోలు లేక గుర్రం కట్టి లాగించే మోటారు కారు. బొగ్గు గనుల కోసం కొండవాళ్ల మీదికి దండు వెళ్లి, అదే మహా విజయమని చాటుకుంటాడు. వాడు దుర్మార్గుడే. అయినా వాడు తింటాడు, కోపగిస్తాడు, భయపడతాడు, అసూయపడతాడు. కాబల్‌కు ఆకలి వేస్తుందని కూడా నాకు నమ్మకం కలగలేదు. రచయిత పక్షం ఒకటి, నటుడి ప్రాణం మరొకవైపు ఉన్నప్పుడు ప్రేక్షకుడు ఎటు పోతాడు?

బందరు చదువరి

సోమరిపోతు గారు బాస్‌ను పాలెగాడన్నారు. ఆ పోలిక ఆయన అనుకున్నదాని కంటే లోతుగా పోతుంది, ఎందుకంటే పాలెగాళ్లను అణచినవాళ్లు కూడా శాంతి స్థాపించామనే చెప్పుకున్నారు.

అందరూ దాటిపోయే ఒక్క మాట దగ్గర ఆగుతాను: బస్రా. విమానాలవాళ్ల కేంద్రం లండన్ కాదు, జెనీవా కాదు, బస్రా ఎందుకయింది? ఐరోపా అంతా నాశనమైంది కనుక దూరాన ఉన్న ఊరు కావాలి, విమాన మార్గాలు కలిసే చోటు కావాలి అని కథాపరంగా చెప్పుకోవచ్చు. బ్రిటన్ నుంచి భారతదేశానికి వచ్చే పౌర విమాన మార్గం ఆ రోజుల్లో ఆ వైపు నుంచే సాగేది కూడా. కానీ 1936లో చిత్రం చూసిన బ్రిటిష్ ప్రేక్షకుడికి ఇరాక్, విమానాలు అన్న రెండు మాటలు కలిపి వినడం కొత్త కాదు. 1921లో కైరోలో జరిగిన సమావేశంలో, ఇరాక్‌ను పెద్ద సైన్యంతో కాక విమానాలతో అదుపులో పెట్టడం చవక అని నిర్ణయించారు. 1922 అక్టోబరులో ఆ దేశపు సైనిక బాధ్యతను రాయల్ ఎయిర్ ఫోర్స్‌కు అప్పగించారు. పన్ను కట్టని తెగల మీద, తిరగబడిన పల్లెల మీద ముందు హెచ్చరిక కాగితాలు, తరువాత బాంబులు. 1932లో ఇరాక్ స్వతంత్ర దేశమైనట్టు ప్రకటించిన తరువాత కూడా బస్రా దగ్గరి షైబా విమాన స్థావరం బ్రిటిష్ వారి చేతిలోనే ఉంది. అప్పటి మన వాయవ్య సరిహద్దులో, వజీరిస్తాన్‌లో, 1925లో పదాతిదళం అవసరం లేకుండా కేవలం విమానాలతోనే ఒక దండయాత్ర నడిపారు.

అంటే ఆకాశం నుంచి దిగే చట్టం అన్నది వెల్స్ ఊహించిన భవిష్యత్తు కాదు. అది అప్పటికి పద్నాలుగేళ్లుగా నడుస్తున్న వర్తమానం. ఆయన చేసిన పని దాన్ని ఇంగ్లండు మీదికే తిప్పడం. బాస్ తనది స్వతంత్ర సర్వసత్తాక రాజ్యమని గర్జించినప్పుడు, అటువంటి రాజ్యాలంటే మాకు సమ్మతి లేదని కాబల్ ఎంతో ప్రశాంతంగా జవాబిస్తాడు. ఆ మాటను లండన్‌లో కూర్చుని విన్నవాడికి అది ప్రపంచ ప్రభుత్వపు ఆదర్శం. 1935 నాటి భారత ప్రభుత్వ చట్టం పెట్టిన కొత్త ముళ్లను విప్పుకుంటూ స్వాతంత్ర్యం కోసం ఎదురుచూస్తున్న మనవాళ్లలో ఒకడు ఆ రోజు ఆ హాలులో ఉండి ఉంటే, అతని చెవికి అది బాగా పాత పాటే.

వెల్స్ సామ్రాజ్యవాది అని నేను అనడం లేదు. దేశాలు, జెండాలు, సైన్యాలు అన్నీ పోవాలని ఆయన మనస్ఫూర్తిగానే కోరుకున్నాడు. కానీ తన ఆదర్శానికి బొమ్మ కట్టవలసి వచ్చినప్పుడు చేతికి దొరికిన బొమ్మ అది. రెండేళ్ల తరువాత 1938లో ఇదే కోర్డా సంస్థ సరిహద్దు తెగల మీద తీసిన చిత్రం ఆడినప్పుడు బొంబాయిలో జనం తిరగబడ్డారన్న సంగతిని కూడా పక్కన పెట్టుకుని చూస్తే, పాతతెర గారి భయం వెంట తెచ్చుకున్నది కాదని నా అభిప్రాయం.

సోమరిపోతు

బస్రా సంగతి నాకు తట్టనే లేదు. నిద్రపోయినందుకు సిగ్గుపడుతున్నాను.

యంత్రశాస్త్రి

చివరి ఘట్టంలోని ఫిరంగి గురించి మాట్లాడకుండా ఈ చర్చ పూర్తి కాదు. లెక్క వేసి చూపిస్తాను, ఓపిక పట్టండి.

భూమి ఆకర్షణ నుంచి బయటపడాలంటే సెకనుకు 11.2 కిలోమీటర్ల వేగం కావాలి. రాకెట్టు ఆ వేగాన్ని నిమిషాల తరబడి కొంచెం కొంచెంగా అందుకుంటుంది. ఫిరంగిలో పెట్టిన గుండుకు ఆ వేగమంతా గొట్టం దాటేలోగానే రావాలి. గొట్టం పొడవు ఒక కిలోమీటరు అనుకుందాం. అప్పుడు లోపల కూర్చున్నవారి మీద పడే ఒత్తిడి భూమి గురుత్వానికి సుమారు 6,400 రెట్లు. 70 కిలోల మనిషి ఆ క్షణంలో దాదాపు 450 టన్నుల బరువు తూగుతాడు. పోనీ, మనిషి కాసేపు ఓర్చుకోగల పది రెట్లకు ఒత్తిడిని తగ్గిద్దామంటే గొట్టం పొడవు 640 కిలోమీటర్లు కావాలి. ఇంచుమించు హైదరాబాదు నుంచి చెన్నైకి రోడ్డు ఎంత ఉన్నదో అంత. కనుక కేథరిన్, మారిస్ అనే ఆ పిల్లలిద్దరూ చంద్రుడి దాకా వెళ్లలేదు, గొట్టం మొదట్లోనే అయిపోయారు.

ఇది 1936లో తెలియని విషయం కూడా కాదు. రాకెట్టుతో అంతరిక్షానికి పోవచ్చునని రష్యాలో సియోల్కోవ్‌స్కీ 1903లోనే గణితం చేసి చూపాడు. 1926 మార్చిలో అమెరికాలో గొడార్డ్ ద్రవ ఇంధనపు రాకెట్టును ఎగరేశాడు. 1933లో లివర్‌పూల్‌లో బ్రిటిష్ ఇంటర్‌ప్లానెటరీ సొసైటీ కూడా ఏర్పడింది. అయినా చిత్రం 1865 నాటి జూల్స్ వెర్న్ నవలలోని ఫిరంగి దగ్గరికే వెళ్లింది. జీవశాస్త్రంలో శిక్షణ పొందిన వెల్స్‌కు ఈ ఇబ్బంది తట్టలేదని నేను నమ్మను.

నాకు తోచిన కారణం ఇది. రాకెట్టు ఒక వాహనం, ఫిరంగి ఒక ఆయుధం. మొదటి అంకంలో ఊరి కూడలిని కూల్చినది ఏ శక్తో, ఆఖరి అంకంలో మనిషిని నక్షత్రాల వైపు విసిరేది కూడా ఆ శక్తే కావాలని ఆయన కోరుకున్నాడు. కట్టడంగా చూస్తే అందమైన ఆలోచనే. కానీ తిరగబడి పరుగెత్తుకొస్తున్న జనాన్ని దాని ధాటికి తప్పుకోమని హెచ్చరించి, వాళ్లు అక్కడ ఉండగానే పేల్చిన ఆస్వాల్డ్ కాబల్‌ను చూస్తే, ఆ ఫిరంగి ఆయుధంగా ఉండడం ఎప్పుడు మానిందని అడగాలనిపిస్తుంది.

స్వరలహరి

నేను ఈ చిత్రాన్ని మొదట వినడం ద్వారానే తెలుసుకున్నాను. ఆర్థర్ బ్లిస్ కూర్చిన సంగీతం ఇప్పటికీ కచేరీలలో వాయిస్తారు. అందులోని మార్చ్ (కవాతు బాణీ) విననివాళ్లు కూడా విన్నట్టే అనుకుంటారు, ఎందుకంటే ఆ తరువాత దశాబ్దాల పాటు వచ్చిన యుద్ధ చిత్రాల నేపథ్యాలలో దాని అడుగుల చప్పుడు వినిపిస్తుంది.

మామూలుగా చిత్రం తీసి, కోసి, అతికించిన తరువాత సంగీత దర్శకుడిని పిలుస్తారు. ఇక్కడ వెల్స్ పట్టుబట్టి, చిత్రీకరణ మొదలయ్యే ముందే బ్లిస్ చేత కొన్ని భాగాలు రాయించాడు. 1935 సెప్టెంబరులో, అంటే చిత్రం విడుదలకు అయిదు నెలల ముందే, లండన్ క్వీన్స్ హాల్‌లో, ఏటా జరిగే ప్రామ్స్ కచేరీలలో ఒకదానిలో, ఈ సంగీతం నుంచి కూర్చిన సూట్‌ను (కొన్ని భాగాల గుచ్ఛాన్ని) వినిపించారు. ప్రపంచాన్ని తిరిగి కట్టే ఆ యంత్రాల ఘట్టంలో మాటలు లేవు. కరిగిన లోహం, తిరిగే చక్రాలు, భూమిని తొలిచే కత్తులు, వాటి మీద ఈ సంగీతం. సోమరిపోతు గారు మేలుకుని ఉన్నది అక్కడేనని నా అనుమానం.

అయితే ఇక్కడ చెప్పవలసిన సంగతి వేరే ఉంది. బ్లిస్ మొదటి ప్రపంచ యుద్ధంలో పోరాడినవాడు. 1916లో సోమ్ యుద్ధరంగంలో గాయపడ్డాడు, ఆ ఏడాదే తమ్ముడు కెనార్డ్‌ను పోగొట్టుకున్నాడు, 1918లో కాంబ్రే దగ్గర విషవాయువు బారిన పడ్డాడు. కాబల్ వేషం వేసిన మాసీ కూడా అదే యుద్ధంలో బెల్జియంలో గాయపడినవాడే. వాయువు ఎలా ఉంటుందో ఊపిరితిత్తులకు తెలిసిన మనిషి ‘శాంతి వాయువు’ దిగివచ్చే దృశ్యానికి స్వరాలు కూర్చవలసి వచ్చింది. ఆ భాగాన్ని ఈసారి కళ్లు మూసుకుని వినండి. అందులో పండుగ లేదు.

పాతతెర

స్వరలహరి గారు వాయువు మాట ఎత్తారు కనుక, నన్ను ఎప్పుడూ వదలని దృశ్యాన్ని చెబుతాను.

యుద్ధం మొదలైన కొత్తలో కాబల్ ఒక శత్రు విమానాన్ని కూల్చి, తానూ కిందికి దిగి, గాయపడిన చోదకుడిని శిథిలాల నుంచి బయటికి లాగుతాడు. ఆ కుర్రవాడి పాత్రలో నటించినది జాన్ క్లెమెంట్స్. కాసేపటి క్రితం అతను వదిలిన వాయువే ఇప్పుడు గాలికి కొట్టుకుంటూ వీళ్ల వైపు వస్తూ ఉంటుంది. ఇద్దరూ ముసుగులు పెట్టుకోబోతుండగా ఎక్కడి నుంచో ఒక చిన్న పిల్ల పరుగెత్తుకు వస్తుంది. అతను తన ముసుగు తీసి ఆ పిల్లకు పెట్టమంటాడు. నేను ఎటూ బతకను అంటాడు. కాబల్ తన పిస్తోలు అతని చేతిలో పెట్టి, పిల్లను విమానంలో ఎక్కించుకుని వెళ్లిపోతాడు. ఈ పిల్ల తల్లిదండ్రులను నేనే చంపి ఉంటాను, ఇప్పుడు ఈ పిల్లను బతికిస్తున్నాను, ఎంత వింత అని ఆ కుర్రవాడు తనలో తాను నవ్వుకుంటాడు.

అదే నెలల్లో ఇటలీ సైన్యం అబిసీనియాలో (నేటి ఇథియోపియాలో) విమానాల నుంచి మస్టర్డ్ వాయువు వదులుతూ ఉంది. వాయువు వాడబోమని 1925లో జెనీవాలో చేసుకున్న ఒప్పందం కాగితం మీదే మిగిలింది. కనుక ఇది ఊహ కాదు. చిత్రం మొదటి సగంలో వాయువు అంటే ఇంత నిర్దిష్టమైన నేరం. రెండో సగంలో అదే వాయువు, అదే ఆకాశం, అదే కాబల్. కానీ ఇప్పుడు దాని పేరు శాంతి. పేరు మార్చినంత మాత్రాన మనం మొదటిదాన్ని మరిచిపోతామని వెల్స్ ఎలా అనుకున్నాడో నాకు అంతుపట్టలేదు.

తేమ్స్ గట్టు

ఈ చిత్రాన్ని ఇక్కడ లండన్‌లో ఒక పాత హాలులో పెద్ద తెర మీద చూసే అవకాశం నాకు కలిగింది. టీవీలో చూసిన ముద్రణలు అరిగిపోయి, మాటలు గరగరలాడుతూ ఉంటే నేనూ సోమరిపోతు గారి పక్షమే ఉండేదాన్ని. పెద్ద తెర మీద చూశాక, ఇది మాటల మనిషి రాసిన చిత్రమైనా, గీతల మనిషి తీసిన చిత్రమని అర్థమైంది. దర్శకుడు మెంజీస్‌కు నటుల చేత మాట్లాడించడం కంటే వాళ్లను ఎక్కడ నిలబెట్టాలో బాగా తెలుసు. యుద్ధం ప్రకటించిన రాత్రి ఒక చిన్న పిల్లవాడు బొమ్మ టోపీ పెట్టుకుని డోలు కొడుతూ నడుస్తూ ఉంటే, వెనుక గోడ మీద కవాతు చేసే సైనికుల నీడలు కొండంత ఎత్తుగా కదులుతాయి. ఆ దృశ్యంలో ఒక్క మాట లేదు, అవసరమూ లేదు.

2036 నగరం గురించి ఒక సంగతి. 1927లో ఫ్రిట్జ్ లాంగ్ తీసిన ‘మెట్రొపొలిస్’ను వెల్స్ పత్రికలో చీల్చి చెండాడాడు. ఈ చిత్రం తీసేటప్పుడు, లాంగ్ ఏది చేశాడో దానికి సరిగ్గా వ్యతిరేకమైనదే మనకు కావాలని పనివాళ్లందరికీ కాగితం రాసి పంపాడు. అందుకే ఇక్కడ మరలలాగా నలిగే కూలీలు లేరు, చీకటి లేదు. అంతా తెలుపు, అద్దాల లిఫ్టులు, వెడల్పాటి భుజాల దుస్తులు. కింది అంతస్తులు నిజంగా కట్టిన సెట్టు అయితే, పై అంతస్తులు కెమెరా ముందు వేలాడదీసిన చిన్న నమూనాలు. రెండింటి అంచు ఎక్కడ కలిసిందో నాకు పెద్ద తెర మీద కూడా దొరకలేదు. ట్రిక్కు దృశ్యాలు తీసిన నెడ్ మాన్ బృందపు పనితనం అది. హంగేరీ చిత్రకారుడు మొహొలి నాజ్ చేత కూడా కొంత భాగం తీయించారు గానీ దానిలో ఉంచుకున్నది ఒకటిన్నర నిమిషం లోపే.

ఆ నగరంలో ఒక ముసలాయన మునిమనుమరాలికి పాత ఊళ్ల బొమ్మలు చూపిస్తూ ఉంటాడు. ఇళ్లకు ఆ కన్నాలేమిటని పిల్ల అడుగుతుంది. అవి కిటికీలు, వెలుగు కోసం అప్పట్లో పెట్టుకునేవారు, ఇప్పుడు వెలుగు మన లోపలే ఉంది అని ఆయన నచ్చజెబుతాడు. అది ప్రగతి చిహ్నంగానే రాసిన సంభాషణ. నాకు మాత్రం ఆ పిల్లను చూసి జాలి కలిగింది. చిత్రకారులను, శిల్పులను ఈ నగరంలో ఎవరు పట్టించుకుంటారన్నట్టు, ఫిరంగికి వ్యతిరేకంగా జనాన్ని కూడగట్టి తిరగబడే థియోటోకోపులోస్ కూడా శిల్పే కదా. అతని మాటలను చిత్రం మూర్ఖత్వంగా చూపాలనుకుంది, కానీ సెడ్రిక్ హార్డ్‌విక్ గొంతులో అవి మూర్ఖంగా వినిపించవు.

తెలుగువారికి ఈ భూగర్భ నగరం పూర్తిగా పరాయిది కాదు. సింగీతం శ్రీనివాసరావు గారి ‘ఆదిత్య 369’ (1991)లో కాలయంత్రం 2504కు వెళ్లినప్పుడు మనుషులు భూమి కిందే ఉంటారు, కానీ అది యుద్ధపు రేడియేషన్ నుంచి దాక్కోవడానికి. కాలయంత్రం వెల్స్ ఊహే అయినా, భూమి కిందికి పోవడాన్ని మనవారు శిక్షగా చూశారు, ఆయన బహుమతిగా చూశాడు. అసలు వెల్స్‌కూ తెరకూ ఉన్న సంబంధం సినిమాతో పాటే పుట్టింది. ఆయన కాలయంత్రం నవల వచ్చిన 1895లోనే, పాతతెర గారు మొదట పేర్కొన్న రాబర్ట్ పాల్, ప్రేక్షకులను కుర్చీలతో సహా ఊపుతూ కాలంలో తిప్పినట్టు భ్రమ కలిగించే ప్రదర్శన కోసం పేటెంటు దరఖాస్తు పెట్టాడు. డబ్బు చాలక అది జరగలేదు.

ఒక హెచ్చరిక. సెన్సారుకు సమర్పించినప్పుడు 117 నిమిషాలున్న చిత్రం విడుదల నాటికి సుమారు 108కి తగ్గింది. ఇప్పుడు మనకు దొరుకుతున్నది 90 నిమిషాలకు కాస్త ఎక్కువ. పాత్రలు బొమ్మల్లా ఉన్నాయని అనేటప్పుడు ఆ పోయిన నిమిషాలను కూడా తలచుకోవాలి.

సోమరిపోతు

తేమ్స్ గట్టు గారి మాట విని మళ్లీ చూశాను, ఈసారి పగటిపూట, టీ తాగి. కొన్ని విషయాలు వెనక్కి తీసుకుంటున్నాను. బాంబుల ఘట్టంలో కూలిన సినిమా హాలు, దుమ్ములో పడి ఉన్న పిల్లవాడు: ఇవి బూటకం కాదు. బాంబర్లు ఎలాగైనా దూసుకువస్తాయని బ్రిటిష్ నాయకుడు బాల్డ్విన్ పార్లమెంటులో చెప్పినది 1932లో. చిత్రం యుద్ధాన్ని 1940 క్రిస్మస్‌కు పెట్టింది. నిజమైన 1940 క్రిస్మస్ నాటికి లండన్ మీద బాంబులు పడడం మొదలై మూడు నెలలు దాటింది. జోస్యం తప్పినది ఒక్క విషయంలోనే: బాంబులు పడినంత మాత్రాన ఊళ్లు ఆటవిక దశకు పోలేదు. మరునాడు పాలవాడు వచ్చాడు, రైళ్లు నడిచాయి. వెల్స్‌కు యంత్రాల మీద ఉన్న నమ్మకం మామూలు మనుషుల మీద లేదు.

ఇక పాతతెర గారి ప్రశ్నకు ఆంగ్ల రచయిత జార్జ్ ఆర్వెల్ 1941లోనే జవాబు రాశాడు. వెల్స్ కోరుకున్న క్రమశిక్షణ, ప్రణాళిక, విజ్ఞానానికి ప్రభుత్వ ప్రోత్సాహం, ఉక్కు, కాంక్రీటు, విమానాలు అన్నీ జర్మనీలో ఉన్నాయి, కానీ అవి రాతియుగపు ఆలోచనలకు సేవ చేస్తున్నాయి అన్నది ఆయన వాదన. అంటే బాస్‌కూ కాబల్‌కూ మధ్య చిత్రం గీసిన గీత అసలు లేదు. చిత్రంలో బాస్ దగ్గర ఎగరని విమానాలున్నాయి, కాబల్ దగ్గర ఎగిరేవి ఉన్నాయి. నాలుగేళ్లు తిరక్కుండానే బాస్‌లకు ఎగిరే విమానాలు దొరికాయి.

యంత్రశాస్త్రి

చివరి రెండు వాక్యాలు నేను రాయవలసినవి.

బందరు చదువరి

ఆర్వెల్ బయటి నుంచి చెప్పిన మాట సరే. చిత్రం లోపలే ఒక సాక్ష్యం ఉంది, దానిని ఎవరూ ప్రస్తావించలేదు కనుక చెబుతాను. శాంతి వాయువు ఎవరినీ చంపదు, నిద్రపుచ్చుతుంది అన్నది విమానాలవాళ్ల హామీ. ఊరందరూ సోలిపోతారు, తరువాత లేస్తారు. ఒక్క బాస్ మాత్రం లేవడు. ఎందుకు? గుండె ఆగిందా, మోతాదు ఎక్కువైందా? చిత్రం ఒక్క ముక్క వివరణ ఇవ్వదు. రక్తం చిందకుండా వచ్చిన శాంతికి ఒక శవం కావలసి వచ్చింది, అది కూడా సరిగ్గా ఎవరు అడ్డమో వాడిదే కావలసి వచ్చింది.

నా లెక్కలో ఇది రచయిత పొరపాటు కాదు, నిజాయితీ. బాస్ లేచి కూర్చుంటే అతనితో ఏం చేయాలి? జైలులో పెట్టాలి, విచారణ జరపాలి, లేదా ఒప్పించాలి. అప్పుడు విమానాలవాళ్లు కూడా ఒక ప్రభుత్వమైపోతారు, ప్రభుత్వానికి ఉండే మురికి అంతా వాళ్లకూ అంటుతుంది. వాడు చచ్చిపోతే చేతులు శుభ్రంగా ఉంటాయి.

పాతతెర

బందరు చదువరి గారూ, మీ టపా చదివాక ఆ దృశ్యం ఒక్కటీ మళ్లీ పెట్టుకుని చూశాను. కాబల్ బాస్ శవం పక్కన నిలబడి, అతనితో పాటు అతని లోకం కూడా పోయిందని, పాపం అతని జెండాలూ అతని పిచ్చిపనులూ అని జాలిపడతాడు. మాసీ గొంతులో ఆ జాలి నిజంగానే ఉంది. అదే ఊపిరిలో, ఇకమీదట విమాన చోదకుల పాలన అని ప్రకటిస్తాడు. ఇంతసేపూ నేను ఆ మాటనే వింటూ వచ్చాను గానీ, చుట్టూ ఉన్నవాళ్లను గమనించలేదు. ఆ మాట అన్న క్షణానికి ఊరు ఇంకా పూర్తిగా మేలుకోలేదు.